మూడోసారికి నిలిచిన క్రిబెన్సిస్ గుడ్లు

మాది విజయవాడ పటమట. రెండడుగుల తొట్టిలో ఒక క్రిబెన్సిస్ జంటను పెంచుతున్నాను. దక్షిణ నైజీరియా వాగుల్లో పుట్టిన చేప ఇది. గుడ్లు పెట్టే రోజులు దగ్గరపడితే ఆడదాని పొట్ట పండిన నేరేడు రంగుకి తిరుగుతుంది. ఆ రంగు కోసమే నేను ఈ చేపను తెచ్చుకున్నాను.

రెండుసార్లు గుడ్లు పెట్టింది. రెండుసార్లూ తెల్లబడి బూజు పట్టాయి. చాలా బాధేసింది. కొలిచి చూస్తే మా బోరు నీళ్ల టీడీఎస్ (నీళ్లలో కరిగిన లవణాల కొలత) 900, పైగా మే నెల కావడంతో తొట్టిలో 32 డిగ్రీలు.

రోజూ కాస్త ఆర్ఓ నీళ్లు కలుపుతూ రెండు వారాల్లో టీడీఎస్ 200కి దించాను. ఒక్కసారిగా మారిస్తే చేప తట్టుకోలేదు. రెండు ఎండు బాదం ఆకులు వేశాను, మూత తీసి చిన్న ఫ్యాన్ పెట్టాను, అదే తొట్టిలో ఉన్న టెట్రాలనే చిన్న చేపలను వేరే తొట్టిలోకి మార్చాను. నీళ్ల పులుపును చెప్పే పీహెచ్‌ను 6.5 దగ్గరే ఆపాను. ఇంకా తగ్గితే పిల్లల్లో మగవే ఎక్కువవుతాయి.

బొటనవేలు పట్టేంత కంత చేసిన కొబ్బరి చిప్పను బోర్లించి, కంతను గోడవైపు తిప్పాను. ఈసారి తల్లి లోపలే ఉండి రెక్కలతో గుడ్లకు విసురుతూనే ఉంది. తండ్రి బయట కాపలా. మూడో రోజుకి గుడ్లు పగిలి పిల్లలు బయటపడ్డాయి. ఎనిమిదో రోజు ఉదయం తల్లి వెనకాల ఇసుక మీద బూడిదరంగు చుక్కల్లా పిల్లల గుంపు కదిలింది. అమ్మని పిలిచి చూపించాను.

వాటికి మేతగా, గుడ్ల నుంచి అప్పుడే బయటికొచ్చిన ఆర్టీమియాను (కంటికి ఆనీ ఆనని రొయ్యలాంటి జీవి) రోజుకి మూడుసార్లు వేస్తున్నాను.