జోలాపుట్ జలాశయంలో నాటుపడవ ఎక్కే ముందు

ఆంధ్రా-ఒడిశా సరిహద్దు కొండల్లోని ఈ నీళ్లతోనే 120 మెగావాట్ల మాచ్‌ఖండ్ జలవిద్యుత్ కేంద్రం నడుస్తుంది. అందుకే ఇక్కడ వాన ఒక్కటే చూసుకుంటే చాలదు, కరెంటు కోసం నీళ్లు వదిలినా మట్టం మారుతుంది.

- ఈత వచ్చినా సరే, లైఫ్ జాకెట్ లేకుండా ఎక్కొద్దు.
- మట్టం తగ్గినప్పుడు బయటపడే ఒడ్డు పైకి ఎండి, బీటలు వారి గట్టిగానే కనిపిస్తుంది. కిందంతా మెత్తటి బురదే ఉండొచ్చు. కర్రతో గుచ్చి చూశాకే అడుగు వేయండి. పిల్లల్ని మాత్రం ముందు దింపకండి.
- గాలి లేచినా, పొగమంచు కమ్మినా ఆగండి. సంతకు వెళ్తున్నా సరే, అది మళ్లీ వారం ఉంటుంది.
- పడవ నడిపే ఆయన "ఇంక చాలు, దిగండి" అంటే వాదించకుండా దిగిపోండి.
- డ్యాం దిగువన స్నానాలు వద్దు. ఎండ కాస్తున్నా గేట్లు ఎత్తొచ్చు. సైరన్ మోగితే సామాను వదిలేసి గట్టెక్కండి.