చెన్నై కార్పొరేషన్ ఎన్నికల డ్యూటీ: మన తెలుగు టీచర్లు ముందే చూసుకోవాల్సినవి

గ్రేటర్ చెన్నై కార్పొరేషన్‌కి కిందటిసారి పోలింగ్ 2022 ఫిబ్రవరి 19న జరిగింది, 200 వార్డుల కౌన్సిలర్లు మార్చి 2న ప్రమాణం చేశారు. ఐదేళ్ల లెక్క వేసుకుంటే 2027 మార్చి మొదట్లో గడువు తీరుతుంది, అంటే సరిగ్గా పబ్లిక్ పరీక్షల సమయం. వాయిదా పడినా ఆశ్చర్యం లేదు. తమిళనాడులోని 27 జిల్లాల్లో పంచాయతీల గడువు 2025 జనవరిలో అయిపోతే ఎన్నికలు పెట్టకుండా ప్రత్యేక అధికారులను కూర్చోబెట్టారు కదా.

"పాఠాలు చెప్పేవాళ్లకి ఈ పనేంటి" అని స్టాఫ్ రూంలో ఎంత అనుకున్నా చట్టం మన వైపు లేదు. 2009 విద్యాహక్కు చట్టం 27వ సెక్షన్ టీచర్లకు వేరే పనులు చెప్పొద్దంటూనే జనగణన, విపత్తు సహాయం, ఎన్నికలు మూడింటినీ పక్కకు తీసింది, ఆ ఎన్నికల్లో స్థానిక సంస్థలవీ ఉన్నాయి. 2007లో సుప్రీంకోర్టు ఓటర్ల జాబితా పని, ఎన్నికల పని మామూలుగా సెలవు రోజుల్లో, పాఠాలు లేని వేళల్లో చేయించుకోవాలని చెప్పింది. కాబట్టి క్లాసులు పాడుచేసే జాబితా పని గురించి అడగండి, అడగాలి కూడా. పోలింగ్ రోజుకు మాత్రం ఎగ్గొడితే మెమో వస్తుంది. గర్భిణులు, చంటిపిల్లల తల్లులు, పెద్ద జబ్బు ఉన్నవాళ్లు ఆర్డర్ చేతికొచ్చిన రోజే మెడికల్ కాగితాలతో అర్జీ పెట్టి నకలు మీద ముద్ర వేయించుకోండి. ట్రైనింగ్ అయిపోయాక నోటిమాటగా చెప్తే ఎవరూ వినరు.

ట్రైనింగ్ అంటే టీ తాగి సంతకం పెట్టి వచ్చేయడం కాదండీ. ఓటింగ్ మెషీన్ చేత్తో ముట్టుకోండి, బటన్లు నొక్కండి. ఇంకో సంగతి, మనలో చాలామందికి తమిళం మాట్లాడటం వచ్చు కానీ గబగబా చదవడం రాదు. మొదటి పోలింగ్ ఆఫీసర్ జాబితాలో పేరు వెతికి అందరికీ వినపడేలా చదవాలి, అక్కడ తడబడితే క్యూ ఆగిపోయి గోల మొదలవుతుంది. చదవడం రాకపోతే మొహమాటపడకుండా అక్కడే చెప్పి సిరా పెట్టే పనో, రిజిస్టర్ పనో అడగండి.

అసెంబ్లీ ఎన్నికల కంటే వార్డు ఎన్నికే నాకు ఎక్కువ టెన్షన్ అనిపిస్తుంది. పదుల ఓట్లతో ఫలితం తేలిపోతుంది, అభ్యర్థుల తరఫున బూత్‌లో కూర్చునే ఏజెంట్లందరూ ఆ వీధివాళ్లే, ఎవరు ఊళ్లో ఉన్నారో ఎవరు లేరో వాళ్లకి తెలుసు, పైగా 2022లో మెషీన్ పక్కన వీవీప్యాట్ (ఓటు ఎవరికి పడిందో చీటీలో చూపించే యంత్రం) కూడా లేదు. గొడవ వస్తే చూపించడానికి మన దగ్గర మనం రాసిన కాగితం తప్ప ఇంకేమీ ఉండదు. అందుకే ఉత్తర చెన్నైలో కొరుక్కుపేటలోనో వణ్ణారపేటలోనో డ్యూటీ పడి ఒక ఏజెంట్ "ఏం టీచరమ్మా, మీది ఏ ఊరు" అని తెలుగులో పలకరిస్తే నవ్వి ఊరుకోండి. అయిదు నిమిషాలు కబుర్లు చెప్పారంటే పక్కనున్న ఏజెంటు మీరు వాళ్ల మనిషే అనుకుంటాడు, తర్వాత మీరు ఏం చేసినా అనుమానమే. బూత్‌లో అందరితో తమిళమే, ఓటరుకు అర్థం కాకపోతే తప్ప.

పొద్దున్న మాక్ పోల్ (మెషీన్ పరీక్షకు వేసే ఉత్తుత్తి ఓట్లు) అయ్యాక ఆ ఓట్లు క్లియర్ చేసి సున్నా వచ్చిందని ఏజెంట్లందరికీ చూపించి, సంతకాలు తీసుకుని, సీలు వేసి, అప్పుడు మాత్రమే అసలు ఓటింగ్ మొదలుపెట్టండి. ఏడింటికి బయట జనం కేకలేస్తుంటే హడావిడిలో ఈ క్లియర్ మర్చిపోవడమే అన్నింటికంటే పెద్ద ప్రమాదం. ఒకరి ఓటు అప్పటికే ఎవరో వేసేసి ఉంటే, అసలు మనిషి వచ్చినప్పుడు మెషీన్ దగ్గరికి పంపకూడదు, టెండర్డ్ బ్యాలెట్ అనే విడి ఓటు కాగితం ఇవ్వాలి. నోటా ఏదని అడిగేవాళ్లూ ఉంటారు, 2022లో ఆ బటన్ లేదు, వాదించకుండా అంతే చెప్పండి.

ప్రిసైడింగ్ ఆఫీసర్ (బూత్‌కి పెద్ద) రాసే డైరీ సాయంత్రం ఒక్కసారిగా రాద్దాంలే అనుకోవద్దు. కిందటిసారి చెన్నైలో పోలింగ్ 44 శాతం కూడా దాటలేదు, మధ్యాహ్నం చాలా బూత్‌లలో ఈగలు తోలుకోవడమే, ఆ వేళలో రాసుకోండి. ఎవరైనా సంతకం పెట్టి ఓటు వేయకుండా వెళ్లిపోతే వెంటనే రిజిస్టర్లో రిమార్కు రాయండి, రాత్రి లెక్క తేడా వచ్చినప్పుడు అదే దిక్కు. ముగింపు వేళకు క్యూలో జనం ఉంటే చివరి మనిషి నుంచి ముందుకు స్లిప్పులు పంచండి, ముందు నుంచి పంచితే వెనక జనం చేరుతూనే ఉంటారు. తర్వాత క్లోజ్ నొక్కి, మొత్తం ఓట్లూ రిజిస్టర్ లెక్కా సరిచూసి, ఏజెంట్లకు నకలు ఇచ్చి సీలు వేయండి.

మీ గురించి కూడా. చాప, దుప్పటి, దోమల మందు, టార్చి, సబ్బు, బీపీ షుగర్ మాత్రలు, ఫోన్ ఛార్జర్ వెంట ఉండాలి. వాళ్లిచ్చే పొట్లం ఎప్పుడొస్తుందో నమ్మకం లేదు, పులిహోర కట్టుకెళ్లండి. బాత్రూం భయంతో నీళ్లు తాగడం మానేసే ఆడవాళ్లు చాలామంది ఉంటారు, దయచేసి ఆ పని చేయొద్దు, ముందురోజే తాళం ఎవరి దగ్గరుందో కనుక్కోండి. బూత్ లోపల సెల్ఫీ తీసి వాట్సాప్ స్టేటస్ పెట్టొద్దు, స్కూల్ గ్రూపులో పార్టీ ఫార్వర్డులూ ఆ నెల ఆపండి. మీ ఓటు కోసం పోస్టల్ బ్యాలెట్ ఫారం ట్రైనింగ్‌లోనే అడిగి నింపండి.

మెషీన్ తీసుకెళ్లే బండి రాత్రి ఎప్పుడొస్తుందో తెలీదు, మెట్రో ఆగిపోయాక ఇంటికి ఎలా వెళ్లాలో ముందే ఇంట్లోవాళ్లతో మాట్లాడుకోండి. మెషీన్, కవర్లు అన్నీ అప్పగించాక రసీదు చేతికి రాకుండా కదలొద్దు. రసీదు ఫోటో తీసుకోండి, డ్యూటీ డబ్బులు లెక్కపెట్టుకున్నాకే సంతకం పెట్టండి.