ఆప్టికల్ ఫైబర్‌లో పవర్ (కాంతి బలం), లాస్ (దారిలో తగ్గిన కాంతి) కొలిచే ముందు జాగ్రత్తలు

ముందు కళ్లు. ఫైబర్‌లో వాడే 1310, 1550 నానోమీటర్ల కాంతి కంటికి కనిపించదు. వెలుగు లేదు కదా అని ఫైబర్ కొసలోకి తొంగి చూడకండి. లైన్‌లో కాంతి ఉందో లేదో పవర్ మీటర్‌తోనే తేల్చుకోండి. కొసను చూసే మైక్రోస్కోప్ పెట్టే ముందైతే ఇది మరీ ముఖ్యం.

కనెక్టర్‌ను ప్రతిసారీ తుడవండి, కొత్తదైనా సరే. సింగిల్ మోడ్ ఫైబర్ కోర్ సుమారు 9 మైక్రాన్లే. చిన్న దుమ్ము రేణువు చాలు, రీడింగ్ తారుమారు కావడానికి. తుడిచాక కొసను వేలితో తాకకూడదు.

ఆకుపచ్చ ఏపీసీ కనెక్టర్‌ను (కొస ఏటవాలుగా ఉంటుంది) నీలం యూపీసీ కనెక్టర్‌కు (కొస ఏటవాలుగా ఉండదు) కలపకండి. లాస్ పెరగడమే కాదు, కొసలూ పాడవుతాయి.

మీటర్‌లో, లైట్ సోర్స్‌లో (ఫైబర్‌లోకి కాంతి పంపే పరికరం) ఒకే వేవ్‌లెంగ్త్ (తరంగదైర్ఘ్యం) ఉందా? చూసుకోండి.

ఎక్కువ తప్పులు రిఫరెన్స్ (పోల్చుకోవడానికి ముందుగా తీసుకునే రీడింగ్) దగ్గరే జరుగుతాయి. సోర్స్‌ను కొన్ని నిమిషాలు వేడెక్కనిచ్చి, ఆ తర్వాతే రిఫరెన్స్ తీసుకోండి. ఆపైన సోర్స్ వైపు ప్యాచ్ కార్డ్‌ను (పరికరాన్ని లైన్‌కు కలిపే చిన్న ఫైబర్ కేబుల్) కదపొద్దు. ఊడితే మొహమాటం లేకుండా మళ్లీ మొదలుపెట్టండి. లాస్ మైనస్‌లో వస్తే కేబుల్ గొప్పదని కాదు, రిఫరెన్స్ తప్పిందని. పవర్‌ను డీబీఎంలో (1 మిల్లీవాట్‌తో పోల్చిన డెసిబెల్), లాస్‌ను డీబీలో (డెసిబెల్) రాసుకోండి; 3 డీబీ పోయిందంటే సగం కాంతి పోయినట్టే.

ప్యాచ్ కార్డ్ మెలికలు పడకుండా చూడండి. వంపు ఎక్కువైతే 1550లో లాస్ ముందుగా పెరుగుతుంది.

ఓటీడీఆర్ (ఫైబర్‌లోకి కాంతి పల్స్‌లు పంపి, తిరిగొచ్చే కాంతితో లోపాలు వెతికే పరికరం) వాడుతుంటే, కాంతి ప్రసారమవుతున్న లైవ్ లైన్‌కు దాని మామూలు పోర్ట్ తగిలించకండి. పరికరమే పోవచ్చు.