పిచ్చర్ కెరీర్ పేజీ ఎలా చదవాలి: గెలుపులు పక్కన పెట్టి ఇన్నింగ్స్‌తో మొదలెట్టండి

బేస్‌బాల్ కొత్తగా చూస్తున్నవాళ్ళు ఎవరో ఒక పిచ్చర్ (బ్యాటర్‌కి బంతి విసిరేవాడు) పేరు వినగానే సెర్చ్ చేసి, టేబుల్‌లో ముందు కనబడే గెలుపు ఓటములు (మ్యాచ్ ఫలితాన్ని ఒక పిచ్చర్ ఖాతాలో రాస్తారు) చూసి "ఆ, మామూలోడే" అనేసుకుని పేజీ మూసేస్తారు. దయచేసి అలా చేయొద్దు. ఒక మనిషి చెయ్యి ఇన్నేళ్ళలో ఎంత శ్రమ పడిందో అంతా ఆ టేబుల్‌లోనే ఉంటుంది, కాకపోతే ఏ కాలమ్ ముందు చూడాలో తెలియాలి.

నన్నడిగితే మొదట ఇన్నింగ్స్ కాలమే చూడాలి, ఐపీ అని ఉంటుంది. 210.1 అంటే 210 ఇన్నింగ్స్, పైన ఒక్క అవుట్, క్రికెట్‌లో ఓవర్ల పక్కన బంతులు రాస్తారు చూడండి అలాగే, ఇన్నింగ్స్‌కి మూడే అవుట్లు కాబట్టి ఇక్కడ చుక్క తర్వాత అంకె 2 దాటదు. ఈ కాలమ్‌ని పైనుంచి కిందకి ఏడాదికేడాది చదువుకుంటూ రండి. 200 దగ్గర తిరుగుతున్న అంకె ఉన్నట్టుండి 40కి పడిపోయినా, మొత్తం ఒక ఏడాదే కనిపించకపోయినా అక్కడ ఆగండి, చాలావరకు అది గాయమే, అదీ మోచెయ్యో భుజమో అయి ఉంటుంది.

మోచేతి లిగమెంట్ తెగితే చేసే ఆపరేషన్‌కి టామీ జాన్ సర్జరీ అని పేరు. 1974లో డాక్టర్ ఫ్రాంక్ జోబ్ మొదటిసారి చేసింది టామీ జాన్ అనే పిచ్చర్‌కే, కుడి చేతి నుంచి టెండన్ తీసి ఎడమ మోచేతికి వేశారు, ఆయన 1975 మొత్తం ఆడలేదు, 1976లో తిరిగొచ్చాడు, కెరీర్‌లో గెలిచిన 288లో 164 ఆపరేషన్ తర్వాతవే. ఇప్పుడైతే మామూలుగా ఏడాది నుంచి ఏడాదిన్నర పడుతుంది. అందుకే ఖాళీ చూసి "అయిపోయాడు" అని తీర్పు ఇచ్చేయకుండా ఆ కింది రెండు మూడు లైన్లు కూడా చదవండి.

తర్వాత జీ, జీఎస్ అనే రెండు కాలమ్స్ పక్కపక్కన పెట్టి చూడండి, ఒకటి మొత్తం మ్యాచ్‌లు, రెండోది స్టార్టర్‌గా, అంటే మ్యాచ్ మొదటి బంతి నుంచి దిగినవి. జాన్ స్మోల్ట్జ్ పేజీ తెరిస్తే ఇది వెంటనే అర్థమైపోతుంది: అట్లాంటా బ్రేవ్స్‌కి ఏళ్ళ తరబడి స్టార్టర్, 2000 ఖాళీ (మోచేతి ఆపరేషన్), 2002లో 75 మ్యాచ్‌లు ఆడితే ఒక్క స్టార్ట్ కూడా లేదు కానీ 55 సేవ్స్ (మ్యాచ్ చివర్లో దిగి టీమ్ ఆధిక్యం నిలబెడితే ఇచ్చేది), మళ్ళీ 2005లో 33 స్టార్టులు! చివరికి లెక్క చూస్తే 213 గెలుపులు, 154 సేవ్స్. ఇన్నింగ్స్ తగ్గాయి కాబట్టి ఫామ్ పోయిందనుకుంటే ఇక్కడ పూర్తిగా పొరబడతారు, ఆయన పనే మారిపోయింది.

స్ట్రైకౌట్లు (మూడు స్ట్రైక్‌లతో బ్యాటర్ అవుట్), వాక్స్ (నాలుగు బంతులు గురి తప్పితే బ్యాటర్‌కి ఊరికే ఫస్ట్ బేస్) మాత్రం కాస్త టైమ్ తీసుకుని చూడండి, ఎందుకంటే ఈ రెండిట్లో ఫీల్డర్ల చెయ్యి దాదాపు ఉండదు, పిచ్చర్ సొంత పనితనమే కనబడుతుంది. ర్యాండీ జాన్సన్‌నే తీసుకోండి, 1992లో 210.1 ఇన్నింగ్స్‌లో 144 వాక్స్ ఇచ్చాడు, వాక్స్‌ని 9తో గుణించి ఇన్నింగ్స్‌తో భాగిస్తే తొమ్మిది ఇన్నింగ్స్‌కి ఆరు పైనే, అంటే బంతి ఎటు పోతుందో తెలియనంత. మరుసటి ఏడాది 255.1 ఇన్నింగ్స్‌లో 99 వాక్స్, 308 స్ట్రైకౌట్లు, అదే లెక్కన మూడున్నరకి దిగింది. చెయ్యి అదే, స్పీడూ ఉంది, కంట్రోల్ వచ్చింది. ఆ తర్వాత ఐదు సై యంగ్ అవార్డులు (లీగ్‌లో ఆ ఏడాది బెస్ట్ పిచ్చర్‌కి ఇచ్చేది). కుర్ర పిచ్చర్లని చూసేటప్పుడు నేను వెతికేది ఈ మలుపునే.

ఈఆర్ఏ అంటే (ఫీల్డర్ల తప్పుల వల్ల వచ్చినవి తీసేసి) తన లెక్కలో పడే రన్స్ తొమ్మిది ఇన్నింగ్స్‌కి ఎన్ని అని, తక్కువ ఉంటే మంచిది, కానీ కాలం, గ్రౌండ్ చూడకుండా పోల్చకూడదు. 1968లో బాబ్ గిబ్సన్ ఈఆర్ఏ 1.12, ఆ ఏడాది పిచ్చర్లు బ్యాటర్లని మరీ ఆడనివ్వట్లేదని 1969లో మౌండ్ (పిచ్చర్ నిలబడే మట్టి దిబ్బ) ఎత్తు 15 అంగుళాల నుంచి 10కి తగ్గించారు. బాగా ఎత్తులో ఉన్న డెన్వర్ ఊళ్ళో అయితే గాలి పలచన, బంతి దూరం ఎగురుతుంది, బ్రేకింగ్ బాల్ (వంపు తిరిగే బంతి) సరిగ్గా తిరగదు. ఇవన్నీ సర్దిన అంకే ఈఆర్ఏ ప్లస్, 100 అంటే సగటు, పైన ఎంతుంటే అంత గొప్ప.

ఇప్పుడు చూడండి గెలుపులు. 1987లో నోలన్ రయన్ హ్యూస్టన్‌కి ఆడుతూ 2.76 ఈఆర్ఏ, 270 స్ట్రైకౌట్లు, రెండిట్లోనూ నేషనల్ లీగ్‌లో ఫస్ట్, రికార్డు మాత్రం 8 గెలుపులు 16 ఓటములు. టీమ్ రన్స్ కొట్టకపోతే పిచ్చర్ ఏం చేస్తాడు? జేకబ్ డిగ్రోమ్‌కి 2018లో 1.70 ఈఆర్ఏ ఉండి కూడా 10-9, అయినా ఓటర్లు అసలు విషయం చూసి సై యంగ్ ఇచ్చారు, నాకైతే చాలా సంతోషం వేసింది.

జీతం అర్థం కావాలంటే సర్వీస్ టైమ్ చూడండి, మేజర్ లీగ్‌లో 172 రోజులుంటే ఒక ఏడాది, ఆరేళ్ళు నిండితేనే ఫ్రీ ఏజెంట్ (ఏ టీమ్‌తోనైనా బేరం కుదుర్చుకోవచ్చు), మైనర్ లీగ్‌లో గడిపిన ఏళ్ళు ఇందులోకి రావు.

ఇంకోటి, పోస్ట్‌సీజన్ (సీజన్ అయ్యాక జరిగే నాకౌట్ సిరీస్‌లు) అంకెలు పై టేబుల్‌లో కలవవు, కిందకి స్క్రోల్ చేయాలి. మరియానో రివేరా 652 సేవ్స్ చూసి ఆగిపోతే, పోస్ట్‌సీజన్‌లో 141 ఇన్నింగ్స్ వేసి 0.70 ఈఆర్ఏతో ఉన్న లైన్ మీ కంట పడకుండానే పోతుంది.