హెచ్‌ఎఫ్ రేడియో పలకడం లేదా? సెట్టు విప్పే ముందు ఇవి చూడండి

హెచ్‌ఎఫ్ (హై ఫ్రీక్వెన్సీ) అంటే రేడియో తరంగాల్లో 3 నుంచి 30 మెగాహెర్ట్జ్ దాకా ఉన్న ముక్క. అలల పొడవులో చెప్పాలంటే 100 మీటర్ల నుంచి 10 మీటర్ల వరకు. సముద్రం మధ్యలో ఉన్న ఓడలు, మహాసముద్రాలు దాటే విమానాలు, సైన్యాలు, షార్ట్‌వేవ్ ప్రసారాలు, హామ్‌లు (లైసెన్సు తీసుకుని సరదాకు రేడియో నడిపేవాళ్లు) అందరూ ఇందులోనే సర్దుకుంటారు. మధ్యలో టవరూ ఉపగ్రహమూ లేకుండా వేల కిలోమీటర్లు మాట అందించగలదు కాబట్టి దీనికింత గిరాకీ. ఆ పని చేసిపెట్టేది ఆకాశం. కాబట్టి మాట అందనప్పుడు కూడా ముందు అనుమానించాల్సింది ఆకాశాన్నే. ఆ తర్వాత యాంటెన్నా తీగను, ఆ తర్వాత ఇంట్లోని కరెంటు సామాన్లను. సెట్టు వంతు అన్నిటికంటే చివర.

పగలు బాగా వినిపించిన స్టేషన్ రాత్రికి మాయం

రేడియో తరంగాలను వంచి నేలకు తిప్పి పంపే పై వాతావరణ భాగమే ఐనోస్ఫియర్. అందులో కింద ఉండే డీ పొర ఎండ ఉన్నంతసేపే బలంగా ఉంటుంది. అది తక్కువ ఫ్రీక్వెన్సీలను మింగేస్తుంది. పొద్దుగూకగానే అది పోతుంది, 3.5, 7 మెగాహెర్ట్జ్ బ్యాండ్లకు ప్రాణం వస్తుంది. పైన సుమారు 200 నుంచి 400 కిలోమీటర్ల ఎత్తులో ఉండే ఎఫ్ పొర రాత్రంతా నిలుస్తుంది కానీ పలచబడుతుంది. అప్పుడు 21, 28 మెగాహెర్ట్జ్ తరంగాలు దానికి తగిలి వెనక్కి రాకుండా నేరుగా అంతరిక్షంలోకి వెళ్లిపోతాయి.

పరిష్కారం బ్యాండ్ మార్చడమే. మోటుగా చెప్పాలంటే, 10 మెగాహెర్ట్జ్‌కు పైవి పగటికి, కిందివి రాత్రికి. సుమారు 11 ఏళ్లకోసారి తిరిగే సూర్యచక్రం ఉచ్చస్థితిలో ఉంటే పై బ్యాండ్లు చీకటి పడ్డాక కూడా కొంతసేపు తెరిచే ఉంటాయి. బ్యాండ్ తెరిచి ఉందో లేదో తేల్చుకోవాలంటే సీడబ్ల్యూ (మోర్స్) మోడ్‌లో 14.100 మెగాహెర్ట్జ్ మీద మూడు నిమిషాలు చెవి పెట్టండి. ప్రపంచం నలుమూలలా ఉన్న 18 బీకన్లకు (గుర్తు సంకేతాలు పంపే స్టేషన్లకు) వంతులు వేశారు, ఒక్కోదానికి పది సెకన్లు. ప్రతిదీ తన పేరు మోర్స్‌లో చెప్పి నాలుగు గీతలు పంపుతుంది. మొదటి గీత 100 వాట్లు, తర్వాతవి వరుసగా 10, 1, చివరిది వాటులో పదో వంతు. ఆ చివరి గీత కూడా వినిపించిందంటే మీ తీగ, ఆకాశం రెండూ బాగున్నట్టే.

ఖండాలు దాటి వినిపిస్తోంది, 200 కిలోమీటర్ల దూరం మాత్రం అందట్లేదు

నేల మీదుగా పాకే తరంగం కొన్ని పదుల కిలోమీటర్లలో నీరసపడుతుంది. పైకెళ్లి తిరిగొచ్చే తరంగం వందల కిలోమీటర్ల అవతల దిగుతుంది. మధ్యలో మిగిలిన మూగ ప్రాంతాన్ని స్కిప్ జోన్ అంటారు. అక్కడివాళ్లకు వినిపించాలంటే వాట్లు పెంచి లాభం లేదు. 3.5 లేదా 7 మెగాహెర్ట్జ్‌కు దిగి, డైపోల్‌ను (మధ్యలో కేబుల్ కలిపి రెండు వైపులా చాచిన తీగ యాంటెన్నాను) బాగా కిందికి దించి కట్టండి. 80 మీటర్ల (3.5 మెగాహెర్ట్జ్) బ్యాండుకు పది మీటర్ల లోపు ఎత్తు చాలు. తరంగం దాదాపు నిట్టనిలువుగా పైకెళ్లి, గొడుగులా చుట్టూ మూడు నాలుగు వందల కిలోమీటర్ల మేర పడుతుంది. తుఫాను వచ్చి టవర్లు కూలినప్పుడు హామ్‌లు చేసేది ఇదే. యాంటెన్నా ఎంత ఎత్తులో ఉంటే అంత గొప్ప అనుకునేవాళ్లకు ఇది ఓ పట్టాన మింగుడుపడదు.

పట్టపగలు అన్ని బ్యాండ్లూ ఒక్కసారిగా మూగబోయాయి

ముందు యాంటెన్నా ప్లగ్ పీకి చూడండి. పీకగానే నాయిస్ తగ్గితే తీగ, కేబులు పనిచేస్తున్నట్టే. తేడా లేకపోతే ఎక్కడో తెగింది. తీగ బాగానే ఉందని తేలితే, సూర్యుడి మీద సౌరజ్వాల ఎగసి ఉంటుంది. దాని ఎక్స్‌కిరణాలు ఎనిమిది నిమిషాల్లో ఇక్కడికొచ్చి డీ పొరను చిక్కబరుస్తాయి. దెబ్బ ముందు తక్కువ ఫ్రీక్వెన్సీల మీద పడుతుంది, కోలుకునేటప్పుడు పై బ్యాండ్లు ముందు తేరుకుంటాయి. టీ తాగి రండి. కొన్ని నిమిషాల నుంచి గంటో రెండు గంటలో పట్టొచ్చు. రోజుల తరబడి నీరసంగా ఉంటే అది భూఅయస్కాంత తుఫాను. భూమి అయస్కాంత క్షేత్రం ఎంత కల్లోలంగా ఉందో చెప్పే కే ఇండెక్స్ 5 గానీ అంతకు మించి గానీ ఉందేమో చూసుకోండి.

ఎడతెగని గరగర, దాని కింద అన్నీ మునిగిపోతున్నాయి

నిజమైన తలనొప్పి ఇదే. సెట్టును బ్యాటరీ మీద నడుపుతూ ఇంటి మెయిన్ స్విచ్ ఆపేయండి. నాయిస్ ఠక్కున పడిపోతే దొంగ ఇంట్లోనే ఉన్నాడు. మెయిన్ మళ్లీ వేసి ఎంసీబీలు (ఒక్కో లైనుకు ఉండే స్విచ్చులు) ఒక్కొక్కటిగా ఆపుతూ పొండి. ఛార్జర్లు, ఎల్‌ఈడీ బల్బులు, సోలార్ ఇన్వర్టర్లు ఎక్కువగా దొరికిపోతాయి. డయల్ తిప్పుతుంటే సమాన దూరంలో మళ్లీ మళ్లీ గుర్రుమంటే అది స్విచ్ మోడ్ సప్లై (ఛార్జర్లు, అడాప్టర్లలో ఉండే పవర్ సర్క్యూట్) గుణం. నేనైతే పక్కింటివాళ్ల టీవీ మీద అనుమానంతో నెల రోజులు గడిపాను. తీరా చూస్తే, లాగ్‌బుక్ రాసుకోవడానికి నేను వెలిగించే టేబుల్ లాంప్ అడాప్టరే చేసింది ఇదంతా!

అడాప్టర్ మార్చేయడం ఉత్తమం. కుదరకపోతే దాని తీగను ఫెర్రైట్ (నాయిస్‌ను అడ్డుకునే అయస్కాంత పదార్థం) రింగు చుట్టూ ఏడెనిమిది చుట్లు తిప్పండి. తీగ మీద ఒక్క పూస తొడిగి వదిలేస్తే ఈ ఫ్రీక్వెన్సీల్లో పెద్దగా ఫలితం ఉండదు. టకటకమని దరువేస్తూ బ్యాండంతా పరుచుకునే శబ్దమైతే మాత్రం మీ ఇంటిది కాదు, క్షితిజం అవతలికి చూసే రాడారుది. 1976 నుంచి 1989 దాకా సోవియట్ రాడార్ ఒకటి ఇలాగే సతాయిస్తే, దానికి వడ్రంగిపిట్ట అని పేరు పెట్టారు. చేయగలిగింది లేదు, పక్కకు జరగడమే.

నిన్నటిదాకా బాగున్న ఎస్‌డబ్ల్యూఆర్ ఇవాళ మూడు దాటింది

ఎస్‌డబ్ల్యూఆర్ అంటే యాంటెన్నా వైపు పంపిన పవర్ ఎంత వెనక్కి తిరిగొస్తోందో చెప్పే కొలత. మూడు అంటే పంపిన పవర్‌లో పావు వంతు వెనక్కి తిరిగొస్తోందని. చాలా సెట్లు తమను కాపాడుకోవడానికి పవర్ తగ్గించేసుకుంటాయి. కొత్తగా కట్టిన డైపోల్ అయితే పొడవు లెక్క చూసుకోండి. 143ను మెగాహెర్ట్జ్‌తో భాగిస్తే మొత్తం పొడవు మీటర్లలో వస్తుంది. 7.1కి సుమారు 20 మీటర్లు, అటు పది, ఇటు పది. పాత డైపోల్ అయితే నేరుగా ప్లగ్గుల దగ్గరికి పదండి. బయటి పీఎల్-259 ప్లగ్ (యాంటెన్నా కేబుల్ చివర ఉండేది) విప్పి లోపలి అల్లికను (కేబుల్ మధ్య తీగ చుట్టూ ఉండే రాగి వలను) చూడండి. రాగి రంగులో మెరవాల్సింది నల్లగా, వేలితో రుద్దితే పొడి రాలేలా ఉంటే నీళ్లు దిగాయని అర్థం. నీరు అల్లిక వెంబడి లోపలికి పాకుతుంది కాబట్టి మెరిసే రాగి కనిపించేదాకా కేబుల్ కోసి, కొత్త ప్లగ్ వేసి, అల్లికను కూడా టంకం పెట్టి, సాగే సీలింగ్ టేప్ చుట్టండి.

ఇక్కడో మెలిక ఉంది. నీళ్లు తాగిన కేబుల్ ఒక్కోసారి ఎస్‌డబ్ల్యూఆర్‌ను ఇంకా బాగా చూపిస్తుంది. వెళ్లేటప్పుడూ వచ్చేటప్పుడూ పవర్‌ను అదే మింగేస్తుంటే మీటరుకు తిరిగొచ్చేది తక్కువ మరి. మీటర్ బాగుంది, జవాబిచ్చేవాళ్లే లేరు అంటే ఇదే అనుమానించాలి.

గొంతు బాతు అరిచినట్టుంది

సైడ్‌బ్యాండ్ తప్పు. మాటను మోసే సిగ్నల్‌లో కింది సగాన్ని ఎల్‌ఎస్‌బీ, పై సగాన్ని యూఎస్‌బీ అంటారు; ఇద్దరూ ఒకటే పెట్టుకోవాలి. హామ్‌లు 10 మెగాహెర్ట్జ్ కింద ఎల్‌ఎస్‌బీ, పైన యూఎస్‌బీ వాడతారు. ఓడలు, విమానాలు ఎక్కడైనా యూఎస్‌బీనే. ఎఫ్‌టీ8లో (కంప్యూటర్‌తో చిన్న సందేశాలు పంపే డిజిటల్ పద్ధతి) సిగ్నల్ వినిపిస్తున్నా డీకోడ్ కాకపోతే కంప్యూటర్ గడియారం సరిచేయండి. అది 15 సెకన్ల వంతుల మీద నడుస్తుంది, రెండు మూడు సెకన్లు తప్పినా పని జరగదు.

మైక్ నొక్కగానే చురుక్కుమంటోంది, లేదా ల్యాప్‌టాప్ ఆగిపోతోంది

కేబుల్ పైతొడుగు మీదుగా ఆర్‌ఎఫ్ (మీరు పంపే రేడియో శక్తి) గదిలోకి తిరిగొస్తోంది. డైపోల్ మధ్యలో కేబుల్ కలిసే చోట ఫెర్రైట్ చోక్ (ఫెర్రైట్ మీద కేబుల్ చుట్టి చేసే అడ్డుకట్ట) వేయండి. అది తగ్గేదాకా పవర్ తగ్గించే వాడండి.

ఇన్ని చూశాక కూడా దారి దొరకకపోతే, బాగా పనిచేస్తున్న మరో సెట్టును అదే తీగకు, అదే గంటలో తగిలించి చూడండి. అది పలికితేనే మీ సెట్టు మూత మీద స్క్రూడ్రైవర్ పెట్టండి.