పాత టీషర్టులతో పిల్లికి క్రోషే పడక అల్లే విధానం

పిల్లి కోసం అల్లే పడకలో అందం కంటే అల్లిక బిగువుగా ఉండడం ముఖ్యం. పిల్లి పడుకోబోయే ముందు ముందరి కాళ్లతో పక్కను పిసుకుతుంది. అప్పుడు దాని గోళ్లు బయటికి వస్తాయి. అల్లికలో సందులు పెద్దవైతే గోరు వాటిలో చిక్కుకుంటుంది, పిల్లి బెదిరి లాక్కుంటుంది, దారం ఊడి వస్తుంది. అందుచేత శాలువాలకూ బల్లగుడ్డలకూ ముచ్చటగా ఉండే జాలీ అల్లికలేవీ ఇక్కడ పనికిరావు. ఈ వ్యాసంలో చెప్పబోయే పడక, చివర అంచు కలిపే చోట తప్ప, అంతా సింగిల్ క్రోషే అనే ఒక్క కుట్టుతోనే పూర్తవుతుంది. దానికి గుండ్రటి అడుగు ఒకటి, చుట్టూ లోపలికి మడిచి పీలికలతో కూరిన మందపాటి అంచు ఒకటి ఉంటాయి. ఆ అంచు అలంకారం కోసం పెట్టింది కాదు. ముడుచుకుని పడుకున్న పిల్లికి వీపు ఆనించుకోవడానికీ, గడ్డం మోపుకోవడానికీ ఏదో ఒక ఆధారం కావాలి, అది దొరికిన చోటనే పిల్లి స్థిరపడుతుంది.

అల్లడం ఎప్పుడు మొదలుపెట్టాలన్నది కూడా ఆలోచించదగిన విషయమే. పిల్లి శరీర ఉష్ణోగ్రత సుమారు 38 నుంచి 39 డిగ్రీల సెల్సియస్ ఉంటుంది. ఒంటి వేడిని నిలుపుకోవడానికి గాని, తగ్గించుకోవడానికి గాని దానికి ప్రత్యేకంగా శ్రమపడనక్కరలేని పరిసర ఉష్ణోగ్రత దాదాపు 30 నుంచి 38 డిగ్రీలు. మనకు హాయిగా అనిపించే మార్గశిర, పుష్య మాసాల రాత్రులు దానికి చలి రాత్రులే. కాబట్టి దసరా సెలవుల్లో అల్లడం మొదలుపెడితే చలి ముదిరేనాటికి పడక సిద్ధమవుతుంది. నడి వేసవిలో అల్లి పెట్టి, పిల్లి దాన్ని పట్టించుకోకుండా గచ్చు మీద బారుగా చాపుకుని పడుకుందని నొచ్చుకోవడంలో అర్థం లేదు.

దారం విషయంలో నా అభిప్రాయం స్పష్టం: మన వాతావరణానికి నూలే సరైనది. అక్రిలిక్ ఉన్ని చవకగా దొరుకుతుంది గాని, దానిలో గాలి సరిగా ఆడదు, వెంట్రుకలు అంటుకుపోతాయి, కొన్నాళ్లకు పైన ఉండలు కడుతుంది. నూలు టీషర్టులను కత్తిరించి తీసిన దారం మందంగా, మెత్తగా ఉంటుంది, ఎన్నిసార్లు ఉతికినా నిలుస్తుంది. పైగా ఇంట్లోవారు తొడిగి విడిచిన బట్ట కావడంవల్ల కొత్త వస్తువును అనుమానంగా చూసే పిల్లి కూడా దీని దగ్గరికి తొందరగా వస్తుంది. పాత నూలు చీరలను పీలికలుగా చించి అల్లవచ్చు కదా అని తోచవచ్చు. నేత చీర అంచుల్లో పోగులు ఊడుతూనే ఉంటాయి, పిల్లి ఆ పోగులను నమిలి మింగుతుంది. టీషర్టు బట్ట అలా పోగులు వదలదు. చీరను పడకలో పరిచే బొంతకు ఉంచుకోవడం మంచిది.

ఇక లెక్క చూద్దాం. పడక అడుగు 45 సెంటీమీటర్ల వ్యాసంతో, అంచు 16 వరుసలతో అల్లితే మొత్తం దాదాపు 3,000 కుట్లు పడతాయి. ఒక్కో కుట్టుకు 7 సెం.మీ. దారం చొప్పున సుమారు 210 మీటర్లు కావాలి. పెద్దవాళ్ల టీషర్టు చుట్టుకొలత ఒక మీటరు, చంకల కింద పనికొచ్చే పొడవు 40 సెం.మీ. అనుకుంటే, రెండున్నర సెంటీమీటర్ల వెడల్పుతో కోసినప్పుడు 16 మీటర్లు వస్తుంది. లాగిన తరువాత అది ఇంకొంచెం సాగుతుంది. అంటే పది, పన్నెండు టీషర్టులు చేతిలో ఉండాలి. ఇవి కాక 10 మి.మీ. మందమున్న, కొసన కొక్కెం ఉండే క్రోషే సూది ఒకటి, దబ్బనం ఒకటి, గట్టి కుట్టుదారం, కొలత టేపు, పదునైన కత్తెర, గుర్తుకోసం ఒక పిన్నీసు సరిపోతాయి. రంగులు ఎవరి ఇష్టం వారిది. పిల్లి ఏ రంగుదో పడకా అదే రంగులో ఉంటే రాలిన వెంట్రుకలు కంటికి కనబడవన్నది మాత్రం మనసులో ఉంచుకోవచ్చు.

టీషర్టులను ముందుగా ఉతికి ఆరబెట్టి, చంకల కింద అడ్డంగా ఒకసారి, కింది మడత కుట్టు పైన ఒకసారి కోసి గొట్టంలాంటి ముక్కను వేరుచేయాలి. పక్క కుట్లు లేనివైతే మరీ మంచిది. రబ్బరు బొమ్మ అచ్చువేసిన భాగం దారానికి పనికిరాదు. ఆ గొట్టాన్ని బల్లమీద పరిచి, ఒక పక్క అంచును రెండో పక్క అంచు వైపు మడవాలి, అయితే అది రెండో అంచుకు 3 సెం.మీ. ఇవతలే ఆగిపోవాలి. ఇప్పుడు మడత వైపునుంచి రెండున్నర సెంటీమీటర్లకొకటి చొప్పున కోస్తూ, పైకి వచ్చిన పక్క అంచును పూర్తిగా దాటించి, మిగిలిన కొసలో రెండు సెంటీమీటర్ల మేర కోయకుండా వదిలేయాలి. బట్ట విప్పితే ఒక వెన్నుపట్టీ, దానికి ఇరువైపులా వేలాడే రింగులు కనిపిస్తాయి. ఆ వెన్నుపట్టీని చేతిమీద పరుచుకుని, ఒక వైపు గాటు నుంచి అవతలి వైపున దాని పక్క గాటుకు ఏటవాలుగా కోస్తూ పోతే బట్ట అంతా ఒకే పొడవాటి పట్టీ అవుతుంది. ఎదురెదురు గాట్లను తిన్నగా కలిపి కోస్తే విడివిడి రింగులు మిగులుతాయి కాబట్టి ఈ ఒక్క చోట నిదానం అవసరం. పట్టీని మూరెడు మూరెడు పట్టుకుని లాగితే అంచులు లోపలికి చుట్టుకుని గుండ్రటి తాడు తయారవుతుంది, దాన్ని ఉండగా చుట్టుకోవాలి. చేతులు, మెడ భాగాలు పారేయకూడదు, అంచులో కూరడానికి అవే కావాలి.

ఒక పట్టీకి మరొకటి చేర్చేటప్పుడు రెండు కొసల్లోనూ చివరికి సెంటీమీటరు ఇవతల చిన్న గాటు పెట్టి, కొత్త పట్టీ కొసను పాతదాని గాటులో దూర్చి, కొత్త పట్టీ రెండో కొసను దాని సొంత గాటులోంచి లాగితే చిన్న ముడి బిగుస్తుంది. ఆ ముడి మీద కుట్టుదారంతో నాలుగు కుట్లు వేస్తే ఇక ఊడదు.

కుట్టు వేసే తీరు ఇది. అల్లిక పై అంచులో ప్రతి కుట్టు మీదా రెండు పోగులు జడలా కనిపిస్తాయి. ఆ రెండింటి కిందుగా సూదిని దూర్చి, దారం అందుకుని ఇవతలికి లాగితే సూదిమీద రెండు లూపులు ఉంటాయి. మళ్లీ దారం చుట్టి ఆ రెంటిలోనుంచీ లాగేస్తే ఒక సింగిల్ క్రోషే పూర్తయినట్టు. ఇది అమెరికా పద్ధతిలోని పేరు. ఇదే కుట్టును బ్రిటిష్ పద్ధతిలో డబుల్ క్రోషే అంటారు గనుక వేరే నమూనాలు చూసి అల్లేవారు గమనించుకోవాలి. నరసాపురం ప్రాంతంలో సన్నని నూలుతో లేసు అల్లి అలవాటైనవారికి ఈ కుట్టు నేర్పనక్కరలేదు. వారికి కష్టమంతా చేతిని కాస్త వదులు చేసుకోవడంలోనే ఉంటుంది, ఎందుకంటే మందపాటి పట్టీని సన్నదారంలా బిగించి లాగితే తరువాతి వరుసలో సూది దూరదు, సాయంత్రానికి మణికట్టు నొప్పి పుడుతుంది.

మ్యాజిక్ రింగ్, అంటే కొస లాగితే బిగుసుకునేలా దారాన్ని వేలికి చుట్టి చేసే ఉంగరం, వేసి అందులో 6 కుట్లు వేయాలి. అది చేతకానివారు 2 చైన్లు (సూదిమీది లూపులోంచి దారాన్ని లాగితే పడే గొలుసు కుట్లు) వేసి, సూదినుంచి రెండో చైన్‌లో 6 కుట్లు వేసినా సరే. కొసను గట్టిగా లాగి మధ్యలో రంధ్రం లేకుండా మూసేయాలి. రెండో వరుసలో ప్రతి కుట్టులో రెండేసి కుట్లు, అంటే పెంపు, వేస్తే 12 అవుతాయి. మూడో వరుసలో ఒక మామూలు కుట్టు, ఒక పెంపు చొప్పున 18, నాలుగో వరుసలో రెండు మామూలు కుట్లు, ఒక పెంపు చొప్పున 24. ఇలా వరుసకు ఆరు పెరుగుతూ 19వ వరుసకు 114 కుట్లు చేరతాయి. వరుసలను కలపకుండా చుట్టలు చుట్టుకుంటూ అల్లుతాం కాబట్టి ప్రతి వరుస మొదటి కుట్టుకు పిన్నీసు పెట్టి, వరుస మారినప్పుడల్లా దాన్ని పైకి మార్చుకోవాలి.

పెంపులన్నీ ఎప్పుడూ ఒకదానిపై ఒకటి పడితే వృత్తానికి మూలలు వచ్చి ఆరు భుజాల ఆకారం తేలుతుంది. దాన్ని తప్పించడానికి సరి వరుసల్లో పెంపు చోటును పక్కకు జరపాలి. ఉదాహరణకు ఎనిమిదో వరుసలో ఆరు కుట్లకొక పెంపు రావాలి కదా. ముందు మూడు కుట్లు వేసి పెంపు వేసి, తరువాత ఆరు కుట్లు, ఒక పెంపు చొప్పున ఐదుసార్లు అల్లి, చివర మూడు కుట్లతో ముగిస్తే లెక్క 48కే వస్తుంది, మూల మాత్రం తేలదు.

మూడు నాలుగు వరుసలకొకసారి అల్లికను నేలమీద పరిచి చూడాలి. అంచులు గిన్నెలా పైకి లేస్తుంటే చేయి బిగుసుకుందనో, ఎక్కడో పెంపు మరిచామనో అర్థం. అంచులు అలలు తిరుగుతుంటే పెంపులు ఎక్కువయ్యాయి. కొద్దిపాటి అలను పిల్లి బరువే సర్దేస్తుంది గాని, గిన్నెలా లేచిన అడుగు ఎన్నటికీ సర్దుకోదు, దాన్ని విప్పి మళ్లీ అల్లక తప్పదు. నేను చెప్పిన 19 వరుసలు ఒక్కో వరుస ఎత్తు 1.2 సెం.మీ. వస్తుందన్న లెక్కలో చెప్పినవి. మీ పట్టీ మందం వేరైతే ఎత్తు మారుతుంది. పిల్లి ముడుచుకుని నిద్రపోతున్నప్పుడు టేపుతో ఆ చుట్ట వెడల్పు కొలిచి, అంచు ఆక్రమించే చోటుకోసం పది సెంటీమీటర్లు కలిపితే కావలసిన వ్యాసం వస్తుంది. అందులో సగాన్ని వరుస ఎత్తుతో భాగిస్తే ఎన్ని వరుసలు అల్లాలో తెలుస్తుంది. వరుసల సంఖ్యను ఆరుతో గుణిస్తే వచ్చేది అంచు కుట్ల సంఖ్య.

అంచు దగ్గర ఒక కిటుకు ఉంది. అల్లేటప్పుడు మనకు ఎదురుగా కనిపించే ముఖాన్ని పడక వెలుపలి ముఖంగా పెట్టుకోవాలి. 20వ వరుసలో పెంపులు మానేసి, జడలోని రెండు పోగుల్లో మనవైపున్న ముందు పోగు కింద మాత్రమే సూది దూర్చి 114 కుట్లూ వేయాలి. వెనుక పోగులు పడక లోపలివైపు ఒక వలయంగా ఖాళీగా మిగులుతాయి. ఆ తరువాత 35వ వరుసదాకా యథాప్రకారం రెండు పోగుల కిందా సూది దూర్చి అల్లుతూ పోవాలి. గోడ లేచాక దాని పై సగాన్ని లోపలికి మడిచి, చివరి వరుసలోని ఒక్కో కుట్టును ఖాళీగా వదిలిన ఒక్కో వెనుక పోగుతో స్లిప్ స్టిచ్ వేసి కలపాలి, అంటే రెంటిలోనూ సూది దూర్చి, దారం అందుకుని వాటిలోంచీ సూదిమీది లూపులోంచీ ఒకేసారి లాగేయాలి. రెండు వైపులా 114 ఉండడంవల్ల అంచు మెలితిరగదు. పదిహేను కుట్లు కలిపినప్పుడల్లా చేతులు, మెడ భాగాల పీలికలను చిన్నచిన్నగా కోసి లోపల కూరుతూ పోవాలి. బూరుగు దూది గాని, మామూలు దూది గాని ఉతికితే గడ్డకడుతుంది, కూరడానికి పీలికలే మేలు. ముసలి పిల్లి ఉన్నా, కాళ్ల కీళ్లు నొప్పులు పడే పిల్లి ఉన్నా, ముందు భాగంలో ఒక జానెడు మేర కూరకుండా వదిలేస్తే అక్కడ అంచు అణిగి లోపలికి అడుగుపెట్టడం సులువవుతుంది.

కొసల విషయంలో అలసత్వం అసలు పనికిరాదు. పిల్లి నాలుకమీది ముళ్లు గొంతువైపు వాలి ఉంటాయి కాబట్టి నోట్లోకి వెళ్లిన దారాన్ని అది సులువుగా ఉమ్మలేదు, మింగుతుంది. మింగిన దారం ఒక చోట చిక్కుకుంటే పేగులు దానిచుట్టూ ముడతలు పడి కోసుకుపోయే ప్రమాదం ఉంది. అందుకే ప్రతి కొసనూ దబ్బనంతో కనీసం 10 సెం.మీ. ఒక దిశలో, కొంత ఎదురు దిశలో అల్లికలోకి దూర్చి, కుట్టుదారంతో బిగించి కుట్టాలి. కుచ్చులు, గుండీలు, పూసలు, వేలాడే బంతులు ఎంత ముద్దొచ్చినా పెట్టకూడదు. అల్లేటప్పుడు దారపు ఉండను మూత ఉన్న డబ్బాలో ఉంచుకుని, లేచిన ప్రతిసారీ మూత పెట్టాలి. పిన్నీసును చివర తీసేశామో లేదో చూసుకోవాలి. ఎప్పుడైనా పిల్లి నోటినుంచి గాని, మలద్వారంనుంచి గాని దారం వేలాడుతూ కనిపిస్తే లాగకుండా వెంటనే పశువైద్యుడి దగ్గరికి తీసుకుపోవాలి.

లోపల పరవడానికి పాత నూలు చీరను నాలుగైదు పొరలుగా మడిచి, గుండ్రంగా కోసి, అంచులు లోపలికి మడిచి దగ్గర దగ్గర కుట్లతో చిన్న బొంత కుట్టుకోవాలి. పడకంతా ఉతకడం కంటే బొంతను వారానికొకసారి ఉతకడం తేలిక. చలి బాగా ఉన్న ఊళ్లలో, ఇంట్లో దక్కనీ గొర్రెల ఉన్నితో నేసిన పాత గొంగడి ఉంటే దాని ముక్కను బొంత కింద వేస్తే నేల చలి పైకి రాదు.

అల్లిన పడక కిలో దాకా బరువు తూగుతుంది, నీళ్లు పీల్చుకుంటే ఎత్తడం కష్టం. కాబట్టి నెలకో, రెండు నెలలకో ఉతికితే చాలు. ఉతికాక పిండకుండా తువ్వాలులో చుట్టి ఒత్తి, నీళ్లు కారాక నీడలో పరిచి ఆరబెట్టాలి. తాడుమీద వేలాడదీస్తే సాగిపోతుంది. గోమార్లు పట్టిన పిల్లి అయితే 60 డిగ్రీల వేడినీళ్లలో ఉతకడం అవసరం. ఘాటైన వాసన సబ్బుపొడులు వాడితే పిల్లి దగ్గరికి రాదు. వేసవిలో దాచేటప్పుడు కలరా ఉండలు వేయకూడదు, నాఫ్తలీన్ పిల్లులకు విషం.

పడకను తిండి గిన్నెకూ మలవిసర్జన చేసే ఇసుక పెట్టెకూ దూరంగా, ఇంట్లో నడకలు తక్కువగా ఉండే మూలన, వీలైతే నేలకు కాస్త ఎత్తులో పెట్టాలి. పిల్లి ఇప్పటికే పడుకుంటున్న చోటు ఉంటే, వేరే చోటు వెతకకుండా అక్కడే పెట్టడం తెలివైన పని. వాడకంలో ఎప్పుడైనా గోరు తగిలి లూపు ఒకటి బయటికి వస్తే కత్తిరించకూడదు, కత్తిరిస్తే ఆ వరుస మొత్తం విడిపోతుంది. సూది మొనతో పక్క కుట్లలోకి కొంచెం కొంచెంగా సర్ది, ఆ చోట వెనుకవైపున కుట్టుదారంతో ఒక కుట్టు వేస్తే సరిపోతుంది.