కల్పిత లోకంలో ప్రమాదకరమైన మాయా సరస్సును సృష్టించడం ఎలా?

ఫాంటసీ కథలు మొదలుపెట్టేవారిలో చాలామంది ముందు రాజ్యాల పటం గీస్తారు. ఖాళీ మిగిలిన చోట ఒక శపించబడిన సరస్సును పెడతారు. అందులో దిగినవాడు చనిపోతాడు, అంతే. పాఠకుడికి భయం కలగదు. ఆ సరస్సు ఎప్పుడు చంపుతుందో, ఎవరిని వదిలేస్తుందో రాసినవారికే తెలియకపోతే చదివేవారికి ఎలా తెలుస్తుంది? మాయ కూడా వానలా, వరదలా తన పద్ధతి ప్రకారం నడవాలి. అప్పుడే అది భయపెడుతుంది.

1. నిజమైన ప్రమాదంతో మొదలుపెట్టండి

1986 ఆగస్టు 21 రాత్రి ఆఫ్రికాలోని కామెరూన్ దేశంలో న్యోస్ సరస్సు ఒక్కసారిగా పొంగింది. అది అగ్నిపర్వత బిలంలో ఏర్పడిన సరస్సు. అడుగు నీటిలో ఏళ్ల తరబడి కరిగి పేరుకున్న కార్బన్ డయాక్సైడ్ పైకి తన్నుకొచ్చింది. గాలి కంటే బరువైనది కాబట్టి ఆకాశంలోకి పోకుండా లోయల వెంట పల్లానికి పారింది. సుమారు 25 కిలోమీటర్ల దూరం వరకు ఊళ్లలో 1,700 మందికి పైగా మనుషులు, వేల సంఖ్యలో పశువులు ఊపిరాడక చనిపోయారు. తర్వాత చూస్తే సరస్సు ఎర్రబారి ఉంది. అడుగున కరిగి ఉన్న ఇనుము పైకి వచ్చి, గాలి తగిలి తుప్పు రంగుకు మారింది.

అక్కడి మనుషుల దుఃఖాన్ని కథకు అలంకారంగా వాడుకోకండి. ఆ ప్రమాదం జరిగిన తీరును మాత్రం తీసుకోండి: అడుగున పేరుకోవడం, ఉన్నట్టుండి పొంగడం, పల్లానికి పారడం, రంగు మారడం.

2. ఒక్క మాయే కలపండి

ఉదాహరణకు మన కల్పిత లోకంలో ఊపిరిమడుగు అనే సరస్సు ఉందనుకుందాం. గాలి ఆడని రాత్రుల్లో దాని నుంచి తెల్లని ఆవిరి లేస్తుంది. దాన్ని పీల్చినవారి నోట, ఎప్పుడో ఆ నీట మునిగిపోయిన ఒకరి గొంతు పలుకుతుంది. పీల్చిన ప్రతిసారీ వారి సొంత గొంతు కొంత మడుగులోకి పోతుంది, తిరిగి రాదు. ఇక్కడితో ఆపండి. దీనికి తోడు జలరాక్షసి, బంగారు చేప, కాపలా దెయ్యం కూడా చేరితే అసలు భయం పలచబడుతుంది.

3. హద్దులు, ఆనవాళ్లు రాసుకోండి

ఎక్కువ సమయం ఇక్కడే పెట్టండి. ఆవిరి బరువైనది కాబట్టి మోకాలి ఎత్తున పారుతుంది. గట్ల మీద మేకలకు ఏమీ కాదు, పల్లంలో కుక్కలు ముందుగా వింతగా అరుస్తాయి. గాలి వీస్తే చెదిరిపోతుంది. మన పల్లెల్లో పాడుబడ్డ బావిలోకి దిగేముందు దీపం దించి చూస్తారు. దీపం ఆరితే ఎవరూ దిగరు. ఆ జాగ్రత్తనే మీ లోకానికి తీసుకెళ్లండి: ఊపిరిమడుగు వైపు నడిచేవారు దీపాన్ని చేత్తో పైకి పట్టుకోరు, తాడుకు కట్టి పాదాల దగ్గర వేలాడదీస్తారు.

4. అక్కడికి ఎందుకు వెళ్తారో తేల్చండి

ప్రమాదమని తెలిసీ మనుషులు వెళ్లే చోటే కథకు పనికొస్తుంది. ఇండోనేషియాలోని కవా ఇజెన్ అగ్నిపర్వతం దగ్గర, ఘాటైన పొగల మధ్య గంధకం గడ్డలు విరగ్గొట్టి, డెబ్బై కిలోలకు మించిన బరువును బుట్టల్లో భుజాన మోసుకొచ్చే కూలీలు ఉన్నారు. అక్కడ వారిని నడిపించేది బతుకుతెరువు. మన మడుగు దగ్గర నడిపించేది పోయినవారి మీద మమకారం. బిడ్డ గొంతు మళ్లీ వినాలని తల్లి వెళ్తుంది. చెల్లెలిని ఆవిరి పీల్చమని పంపి, ఆమె నోట అమ్మ మాట వినే అన్న ఉంటాడు. నాకు అన్నిటికంటే భయం కలిగించేది ఆ అన్నే.

5. ముందు ఆచారం చూపించండి, కారణం తర్వాత చెప్పండి

ఊపిరిమడుగు పక్కనున్న ఊళ్లో ఎవరూ నేల మీద పడుకోరు. మంచాల కాళ్లు ఛాతీ ఎత్తున ఉంటాయి. ఊయలలు దూలానికి అందినంత పైకి కట్టి ఉంటాయి. ఇంటికొచ్చిన బాటసారి చాప పరవబోతే, అవ్వ చెయ్యి పట్టుకుని లేపుతుంది: "కింద వద్దు నాయనా, మంచమెక్కు." అప్పుడే వివరించకండి. పాఠకుణ్ణి రెండు మూడు పేజీలు ఆ అనుమానంతో ఉండనివ్వండి.

6. విరుగుడు పెట్టి, ఊరిని చీల్చండి

న్యోస్‌లో 2001 నుంచి గొట్టాలు దించి, అడుగున ఉన్న వాయువును కొంచెం కొంచెంగా బయటికి వదులుతున్నారు. మీ ఊరివారికీ అలాంటి ఉపాయం ఒకటి తట్టనివ్వండి: కొండ వెదుళ్లు అతికి పొడవాటి గొట్టం చేసి, ఆవిరిని శిఖరం మీది గాలిలోకి వదిలేయడం. అయితే ఆవిరితో పాటు మునిగిపోయినవారి గొంతులూ ఎప్పటికీ పోతాయి. పసిపిల్లలున్న ఇళ్లవారు గొట్టం కావాలంటారు. మడుగులో మనిషిని పోగొట్టుకున్నవారు రాత్రిపూట వెళ్లి ఆ వెదుళ్లను నరుకుతారు. ఎవరు ఎటువైపు నిలబడతారో, ఎందుకో పేరుపేరునా రాసుకోండి. అది పూర్తయ్యాకే మీ కథానాయకుణ్ణి ఊరి పొలిమేర దాటించండి.